హవా చావు కాగితం

కామెన్‌దోల్,
2023 జనవరి 19

మహారచయిత్రి సఫియే గారి సముఖానికి, ఏడో తరగతి తప్పిన మేనమామ ఫెయిమ్ రాయునది.

నువ్వు పంపిన కట్ట అందింది. పోస్టు వ్యాను మలుపు దగ్గర మంచులో దిగబడిపోతే నేనూ కాఫీ కొట్టు అసానూ వెళ్లి తోశాం. "ఏవుంది ఇందులో, ఇటుకలా ఉంది" అన్నాడు డ్రైవరు. మా మేనకోడలు రాసిన నవల, రాజులూ మాయలూ అని చెప్పాను. "చివరికి ఎవరు గెలుస్తారు?" అన్నాడు. వ్యాను తోసినవాళ్లు అన్నాను.

ఫోను చెయ్యలేదేం అని మొదలెట్టకు. ఫోను గొర్రెల తొట్లో పడింది. పడకపోయినా, మనూళ్లో సిగ్నలు దొరికేది శ్మశానం గుట్ట మీదే కదా. బతికున్నవాళ్లతో మాట్లాడ్డానికి చచ్చినవాళ్ల మధ్యకెళ్లి అరవడం నాకు బావుండదు. ఉత్తరమే మేలు. ఉత్తరంలో నువ్వు నా మాటకి అడ్డం రాలేవు.

ముందు మెచ్చుకోలు. నీ రాజు బావున్నాడు. మనుషుల పేర్లు మింగుతూ, మింగిన ప్రతి పేరుకీ జానెడు పొడుగు పెరుగుతూ, ఆఖరికి తన కోట కప్పు తనే పగలగొట్టించుకుంటాడు చూడు, అక్కడ అసాన్ బల్ల చరిచి నవ్వాడు. అవును, కొట్లో పైకి చదువుతున్నాను. చలికాలం, పనీపాటా లేదు. పొద్దువాలేసరికి అందరూ పొయ్యి చుట్టూ చేరిపోతున్నారు. జుంబులత్త కూడా అల్లిక సంచీ పట్టుకుని వస్తోంది. ఆవిడకి నీ హవా ముసలమ్మంటే ప్రాణం. రాజు మనుషులు వస్తున్నారని తెలిసి హవా ఊరందరి పేర్లూ గొర్రెల మెడ గంటల్లో దాస్తుంది, మంద కదిలినప్పుడల్లా ఊరిని పేరుపేరునా పిలిచినట్టు వినబడుతుంది, అని రాశావే, అక్కడ జుంబులత్త సూదులు ఆగిపోయాయి. "ఈ పిల్లకి గంటల సంగతి తెలుసురా" అంది. గర్వపడు. మరీ ఎక్కువ పడకు.

ఇక తిట్లు. మన కొండల్లాంటి కొండలే పెట్టావు, మన మంచే పెట్టావు, ఇంత పుస్తకంలో ఒక్కడూ బంగాళాదుంప తినడేం? ద్రాక్షపళ్లు తింటారా? మన గుట్ట మీద ద్రాక్ష ఎక్కడ చూశావే?

అది సరే. ఇంకోటుంది, అది నవ్వులాట కాదు. నీ కథలో ఒక తిత్తి వాయించేవాడు ఉన్నాడు. వాడు చంకలో తిత్తి పెట్టుకుని రాజుకోటకి నడిచి వెళ్లి "మా ఊరి పేర్లన్నీ నేను చెబుతాను" అంటాడు. నేను అక్కడ ఆపేశాను. మనూళ్లో తిత్తి వాయించినవాడు ఒక్కడే, మీ తాతయ్య. సర్కారు మన ముస్లిం పేర్లు బలవంతంగా మార్చిన చలికాలం పంచాయితీ ఆఫీసు మెట్లు మొట్టమొదట ఎక్కినవాడూ ఆయనే, వెనకాల తుపాకీ నడుస్తుంటే. నాకప్పుడు ఆరేళ్లు, కిటికీలోంచి చూశాను. కొట్లో అందరూ పొయ్యి వంక చూడ్డం మానేసి నా వంక చూశారు. కళ్లు నొప్పెడుతున్నాయని చెప్పి కట్ట మూసేశాను.

ఆ చలికాలం సంగతి అలా పుస్తకాల్లో పెట్టకు సఫియే. ఇంతకన్నా ఏం రాయను.

అసాన్ నీకు సలాం చెప్పమన్నాడు. మేకకి జ్వరం తగ్గింది.

మామయ్య
ఫెయిమ్


సోఫియా,
ఫిబ్రవరి 2

మామయ్యా,

నీ ఉత్తరం సగం దాకా నవ్వుతూ చదివాను. మిగతా సగం వంటింట్లో నిలబడి చదివాను, అక్కడైతే నీళ్ల చప్పుడుకి ఎవరికీ ఏమీ వినబడదు.

కొట్లో చదవొద్దు, దయచేసి. అదింకా పుస్తకం కాలేదు. అవుతుందో లేదో కూడా తెలియదు. ఇక్కడ సోఫియా నగరంలో మా ప్రచురణ సంస్థలో కాలిన్ అని ఎడిటర్ ఉన్నాడు, నా పుస్తకాల గతి ఆయన చేతిలో ఉంటుంది. హవా చనిపోయే అధ్యాయం మొత్తం తీసెయ్యమంటున్నాడు. నా పుస్తకమంతా ఆ అధ్యాయం కోసమే రాశాను మామయ్యా. మనిషి పోతే పేరుతో, ఫోటోతో గోడలకి కాగితం అంటిస్తాం కదా, హవా పోయాక రాజు మనుషులు ఆమె చావు కాగితం మీద రాజు పెట్టిన పేరు అచ్చువేసి గోడకి అంటిస్తారు. హవా ఆత్మ వచ్చి ఆ గోడ ముందు నిలబడుతుంది. ఎవరో పోయినట్టున్నారు పాపం అనుకుంటుంది. పోయింది తనేనని తెలియక ఇంటికెళ్లి పొయ్యి రాజేస్తుంది.

కాలిన్ ఏమన్నాడో తెలుసా? "మాయల పుస్తకాలు కొనేవాళ్లు మర్చిపోవడానికి కొంటారమ్మా. అయినా ఆ పేర్ల గొడవ ఇప్పుడెవరికి గుర్తుంది? ఆ ఊళ్లవాళ్లే మర్చిపోయి హాయిగా ఉన్నారు. నువ్వొక్కదానివే మానిన పుండు గోకుతున్నావు." కొండలు తీసేసి సముద్రం పెట్టమంటాడు. దీవులట, మత్స్యకన్యలట. మార్చి నెలాఖరు దాకా గడువిచ్చాడు. ఆ అధ్యాయం ఉంటే పుస్తకం లేదు.

ఆయన మాటకి నా దగ్గర జవాబు ఉందనుకున్నాను, నీ ఉత్తరం వచ్చేదాకా. ఆ చలికాలం సంగతి పుస్తకాల్లో పెట్టొద్దని మీరే అంటే నేనిక్కడ ఎవరి తరఫున పోట్లాడుతున్నట్టు? కాలిన్ చెప్పిందే నిజమేమో. మీకే వద్దనిపిస్తే తీసేస్తాను.

తీసేసే ముందు నాకోసం ఒక సంగతి చెప్పు. అమ్మమ్మ పోయినప్పుడు అంటించిన కాగితం ఎలా ఉంది? అప్పటికి నేను పుట్టలేదు. అమ్మని అడిగితే తోమిన గిన్నెలే మళ్లీ తోముతుంది. అమ్మమ్మ తలగుడ్డతో ఉన్న ఫోటో ఒక్కటైనా ఉందా? గుర్తింపు కార్డు కోసం తలగుడ్డ ఊడదీయించి తీశారే, అది తప్ప నేను ఇంకోటి చూడలేదు. ఆ ఫోటోలో ఆవిడ ఎవరి వంకా చూడదు.

నీ
సఫియే

బంగాళాదుంపల గురించి నువ్వన్నది నిజమే.


కామెన్‌దోల్,
ఫిబ్రవరి 12

దీవుల మహారాణికి,

హవాని చంపేశావా? ముందే చెప్పొద్దూ? నీ ఉత్తరం చూసుకుని కట్టలో వెనక్కి వెనక్కి తిప్పి ఆ అధ్యాయం పట్టుకున్నాను. మధ్యది వదిలేశాను, తిత్తిగాడి మొహం నాకు మళ్లీ చూడాలని లేదు. కొట్లో చదవొద్దన్నావు గనక ఆ సాయంత్రమే చదివాను.

చదవడం అయ్యాక ఎవడూ కప్పు ఎత్తలేదు. అసాన్ పొయ్యిలో కట్టె వెయ్యడం మర్చిపోయాడు. కాసేపయ్యాక జుంబులత్త అడిగింది:

"ఆ ముసల్దానికి కాగితం సరిగ్గా అంటించినవాడే లేడా?"

"అత్తా, అది కథ."

"కథైతే ఏం. మనిషి పోయిందిగా."

"పోలేదత్తా, అసలు లేదు."

"నోర్ముయ్యి. లేనిదానికి మూడు వారాల్నించీ నన్ను కొట్టుకి ఎందుకు తిప్పావు మరి?"

నీకు తెలుసుగా, జవాబు లేనప్పుడు నేను ఏదో ఒక వెధవ పని చేస్తాను. పట్నం వెళ్లి హవాకి చావు కాగితం అచ్చు వేయించుకొచ్చాను. నిఖార్సైన ముస్లిం కాగితం: ఆకుపచ్చ అంచు, పైన నెలవంక, మధ్యలో ఫోటో, కింద 'పై ఊట దగ్గరి హవా, అందరి పేర్లూ దాచిన మనిషి, తన పేరుతోనే వెళ్లిపోయింది. చుట్టపక్కాలకీ ఊరివారికీ తెలియజేయడమైనది' అని. బస్టాపుకొకటి, రొట్టెల కొట్టు తలుపుకొకటి, పంచాయితీ ఆఫీసు గోడకి రెండు. ఎవరు నవ్వుతారో చూద్దామని బస్టాపు వెనకాల నిలబడ్డాను. ఏమైందో తర్వాత రాస్తాను, ఇంకా అవుతోంది.

ఫోటో ఎక్కడిదని అడగకు.

మీ అమ్మమ్మ ఫోటో సంగతి ఎన్నిసార్లు చెప్పాలి? లేదు. ఉన్న ఒక్క పెళ్లి ఫోటో, తెల్ల తలగుడ్డతో దిగింది, సర్కారు మనుషులు ఇళ్లు వెతకడానికి వచ్చిన పొద్దున్న తనే తీసుకెళ్లి పొయ్యిలో పెట్టింది. కాగితం సంగతి ఇప్పుడు కాదు.

ఇంకోటి. 'మీకే వద్దనిపిస్తే తీసేస్తాను' అంటూ మా మీద పెడతావేం? నీకు సిగ్గైతే సిగ్గని చెప్పు. తాతని మాత్రం రాజుకి అమ్మేసి, అమ్మమ్మ దగ్గరికొచ్చేసరికి మమ్మల్ని అడిగి తీసేస్తావా? పో, దీవులకే పో. చేపలకి పేర్లు పెట్టుకో. వాటి పేర్లయితే ఎవడూ మార్చడు.

ఫెయిమ్


సోఫియా,
ఫిబ్రవరి 24

ఫెయిమ్ మామయ్యకి,

నీ ఆకతాయితనం నీ ఊళ్లో ఉంచుకుంటే బావుండేది. ఎవరి మనవడో ఆ కాగితాన్ని ఫోటో తీసి ఫోన్లలో పెట్టాడు. అది తిరిగి తిరిగి కాలిన్ బల్ల మీదికి వచ్చింది. నేనే చేయించాననుకుంటున్నాడు. పుస్తకం అమ్ముకోవడానికి చచ్చిన ముసలమ్మ ఫోటోతో నాటకమాడుతున్నానట. "నీకు గడువు మార్చి నెలాఖరు కాదు, మార్చి పదిహేను" అన్నాడు. ఐదేళ్లు రాశాను మామయ్యా దీన్ని. నువ్వు ఒక మధ్యాహ్నంలో గోడకి కొట్టేశావు.

అది కాదు నా బాధ. ఆ కాగితాన్ని అమ్మకి చూపించాను. అమ్మ చేతిలో గిన్నె జారిపోయింది. "మా అమ్మ" అంది. ఫోను మళ్లీ నా చేతికి ఇవ్వలేదు.

నాకు ముప్పై అయిదేళ్లు. ఊహ తెలిసినప్పట్నించీ ఆ మొహం కోసం అడుగుతున్నాను. లేదు, కాలిపోయింది, పొయ్యిలో పెట్టింది. ఉందన్నమాట. తలగుడ్డతో, నేరుగా మన వంక చూస్తూ, నవ్వబోతున్నట్టు. దాన్ని నాకు చూపించకుండా దాచి, ఒక వేళాకోళం కోసం బయటికి తీశావు. దాని కింద ఆవిడ పేరు కూడా వెయ్యలేదు. నేను కల్పించిన పేరు వేశావు. రాజు చేసిందీ అదే కదా.

కాగితాలు తీసెయ్. అసలు ఫోటో రిజిస్టరు పోస్టులో పంపు.

తాతయ్యని అమ్మానన్నావు. నువ్వు ఎక్కడ ఆపావో ఇప్పుడర్థమైంది. ఒక్క పేజీ తిప్పలేకపోయావా? కోపం వచ్చిందని పుస్తకం మూసేసేవాళ్ల కోసం నేను రాయను. ఆ అధ్యాయం ఉంచాలో తీసెయ్యాలో ఇక నిన్ను అడగను కూడా.

సఫియే


కామెన్‌దోల్,
మార్చి 3

సఫియే తల్లీ,

నువ్వడిగిన అసలు ఫోటో రిజిస్టరు పోస్టులో రాదు. అది కూర్చుని ఈ ఉత్తరం రాస్తోంది.

ఫోటోలో ఉన్నది నేను.

హవాకి ఫోటో కావాలిగా. ఫోటో లేని చావు కాగితం ఎవడు నమ్ముతాడు? పెళ్లిళ్లలో ముసలమ్మ వేషం కట్టేది నేనే కదా, అలవాటైన పనే అనుకున్నాను. పెట్టె అడుగున మీ అమ్మమ్మ తలగుడ్డ ఉంది. మీసం తీసేసి, ఒకటికి రెండుసార్లు గీసుకుని, పట్నంలో స్టూడియోకెళ్లి కూర్చున్నాను. "పండగ వేషమా?" అన్నాడు ఫోటో తీసేవాడు. అవును, మా ఊళ్లో ఇంకా అయిపోలేదు అన్నాను. ఊళ్లో అంటించగానే ఫెయిమ్‌గాడి మొహం పోల్చి పొట్ట పట్టుకుని నవ్వుతారు, నేనొచ్చి నడుం వంచి దండం పెడతాను, అదీ నా పథకం.

బస్టాపు వెనకాల నిలబడ్డానని రాశానుగా. ముందు జుంబులత్త వచ్చింది. అద్దాలు పెట్టుకుంది. కాగితం మీద చెయ్యి పెట్టింది, మొహం మీద పెట్టినట్టు. "మెవ్లిదే" అంది. మీ అమ్మమ్మ పేరు ఆ వీధిలో ఎవరైనా పైకి అనగా విని ఎన్నేళ్లయిందో. తర్వాత అసాన్ వాళ్ల పిన్ని వచ్చి "కాదే, ఇది మా పెద్దత్త" అంది. ఇద్దరూ అక్కడే పోట్లాడుకుని అక్కడే ఏడ్చారు. సాయంత్రానికి ఊరంతా, పోయినవాళ్ల పేరు మీద పంచే హల్వా వేపుతున్న వాసన. మసీదులో నమాజు చేయించే హోజా నా దగ్గరికొచ్చి ఎవరింట్లో ప్రార్థన పెట్టమంటావని అడిగాడు. ఒక్కడంటే ఒక్కడు నన్ను పోల్చలేదు సఫియే. బయటికొచ్చి నేనేనని చెప్పే దమ్ము నాకు లేకపోయింది. ఇంటికెళ్లి అద్దంలో చూసుకున్నాను. మీ అమ్మమ్మ పోయినప్పటి వయసు నాకు ఈ ఏడే వచ్చింది. మీసం లేకపోతే ఆ దవడ ఆవిడదే. నాకెప్పుడూ తెలియలేదు. మీ అమ్మకి చెప్పు. లేదా చెప్పకు. అది నీ ఇష్టం.

ఇప్పుడు నువ్వడిగింది. ఆవిడ కాగితం.

అప్పుడు నేను సైన్యంలో ఉన్నాను. తల్లికి సీరియస్ అని టెలిగ్రాం వస్తే సెలవిచ్చారు. సాయంత్రం బస్సు దిగాను, మంచు పడుతోంది. బస్టాపులో కొత్త కాగితం అంటించి ఉంది. క్రైస్తవులకి వేసేలా నల్ల అంచు, సిలువ, కింద మిలెనా అనే పేరు, తల మీద గుడ్డ లేని ఒక ఆడమనిషి, పక్కకి చూస్తోంది. ఎవరో పోయారు పాపం అనుకున్నాను. మా అమ్మని ఇంట్లో ఎవరం సర్కారు పెట్టిన ఆ పేరుతో పిలవలేదు, ఆ తలతో ఎప్పుడూ చూడలేదు. అమ్మకి పట్నం బిస్కెట్లు ఇష్టం, సంచీలో అవి విరగలేదు కదా అని తడుముకుంటూ ఇంటికెళ్లి తలుపు తోశాను.

ఇది నేను ఎవరికీ చెప్పలేదు. మీ అమ్మకి కూడా. నువ్వు ఆ ఆత్మని గోడ ముందు నిలబెట్టిన చోట నేను నిలబడ్డాను. చెప్పకుండా నీకెలా తెలిసిందో నాకు అర్థం కావడం లేదు, అడగను కూడా. కొట్లో ఆ రోజు చదువుతూ చదువుతూ మధ్యలో ఆపేసి దగ్గు అని అబద్ధమాడాను.

'రాజు చేసిందీ అదే' అన్నావే, ఆ మాట గట్టిగా తగిలింది. తగలాల్సిందే.

ఇక తిత్తివాడు. పేజీ తిప్పాను. వాడు రాజుకి చెప్పినవన్నీ మేకల పేర్లా? రాజు వాటిని గుటకలు వేసి మింగి, మర్నాడు సింహాసనం మీద కొమ్ములతో లేస్తాడా? గడ్డి చూసి నోరూరుతుందా? ఓసి నీ దుంప తెగ. ఆ పేజీ కొట్లో నాచేత వరసగా మళ్లీ మళ్లీ చదివించారు. అసాన్ కింద కూర్చుండిపోయాడు. ఇంటికొచ్చి అటక మీంచి మీ తాతయ్య తిత్తి దింపాను. తోలు ఎండిపోయింది, నూనె పట్టిస్తున్నాను. నేను వద్దన్నది తాత పరువు గురించి, అంతేగాని ఆ చలికాలం గురించి కాదే పిచ్చిదానా. ఆ అధ్యాయంలో ఒక్క అక్షరం తీశావో, తలగుడ్డ కట్టుకుని సోఫియా వచ్చి నీ తలుపు కొడతాను.

నువ్వు తీసెయ్యమన్న కాగితాలు నేను తియ్యలేదు, మేయరు రోసెన్ తీశాడు. అనుమతి లేని ప్రకటనలట. వెడల్పాటి కత్తి తెచ్చి స్వయంగా గీకాడు. మర్నాడు పొద్దున్నకి ఆ గోడ మీద వేరే ఆకుపచ్చ కాగితాలున్నాయి. హవావి కాదు. నేను వేసినవి అంతకన్నా కాదు. జుంబులత్త వాళ్ల అమ్మది ఒకటి, రొట్టెల కొట్టు వాళ్ల తాతది ఒకటి, నల్ల అంచుతో పోయినవాళ్లంతా ఆకుపచ్చ అంచుతో, సొంత పేర్లతో. రోసెన్ మళ్లీ గీకాడు. మళ్లీ వచ్చాయి. అసాన్ వాళ్ల అమ్మకి కూడా తలగుడ్డ ఫోటో లేదు. నిన్న అసాన్ మీసం తీసేశాడు.

మర్చిపోయి హాయిగా ఉన్నారన్నాడుగా మీ కాలిన్. ఈ కవర్లో అసాన్ కొట్లోపలి గోడ ఫోటో పెడుతున్నాను, అక్కడ హవా కాగితం మధ్యలో ఇంకా ఉంది, మిగతావాళ్లవి దాని చుట్టూ. ఆయన బల్ల మీద పెట్టు.

నీ అమ్మమ్మ మొహం గల
మామయ్య


సోఫియా,
మార్చి 17

మామయ్యా,

అమ్మకి చెప్పాను. తోముతున్న గిన్నె కింద పెట్టింది. తర్వాత "వాడికి చిన్నప్పుడు కూడా తలగుడ్డ బాగా నప్పేది" అంది. నవ్వుతోందో ఏడుస్తోందో నాకు తెలియలేదు. బస్సు దిగిన నాటి బిస్కెట్ల సంగతి మాత్రం చెప్పలేదు. అది నువ్వే చెప్పాలి.

నిన్ను అన్న మాటలు వెనక్కి తీసుకుంటున్నాను. ఒక్క పేజీ సంగతి తప్ప. పేజీ తిప్పాల్సిందే నువ్వు.

పదిహేనో తారీకు కాలిన్ దగ్గరికెళ్లి నీ గోడ ఫోటో బల్ల మీద పెట్టాను. అధ్యాయం ఉంటుంది, కొండలు ఉంటాయి, మీకు వద్దంటే కట్ట నా చేతికివ్వండి అన్నాను. ఆయన చాలాసేపు ఆ ఫోటో చూశాడు. మెత్తబడ్డాడనుకున్నాను. "అధ్యాయం ఉంచుదాం" అన్నాడు. ఊపిరి పీల్చుకునే లోపు "మధ్యలో ఉన్న ఈ ముసలమ్మ మొహం అట్ట మీద వేద్దాం. ఇది అమ్ముడుపోతుంది" అన్నాడు.

నిన్నటిదాకా ఎవరికీ గుర్తులేని మొహం మామయ్యా. ఒప్పుకుని ఉంటే ఊరూరా కొట్ల అద్దాల్లో ఆవిడే ఉండేది. పేరు తీసుకుని పొడుగు పెరిగే రాజుని ఐదేళ్లు రాసినదాన్ని, ఆ నిమిషంలో వాడెలా పుడతాడో కళ్లారా చూశాను. బల్లకి ఇటువైపు కూర్చున్న నాలో కూడా కొంచెం పుట్టాడు. వద్దన్నాను. ఆ మొహం గోడది, అట్టది కాదన్నాను. అయితే తక్కువ కాపీలే వేస్తామన్నాడు. వెయ్యమన్నాను.

అధ్యాయంలో ఒక మార్పు చేశాను. గోడ ముందు ఆత్మ పక్కన ఒక కొడుకుని నిలబెట్టాను. సైనికుడు, చేతిలో సంచీ. ఇద్దరూ ఒకే కాగితం చూస్తారు, ఒకరికొకరు కనబడరు. నీకు ఇష్టం లేకపోతే తీసేస్తాను. ఈసారి నిజంగా అడుగుతున్నాను.

ఏప్రిల్ మొదటి శనివారం వస్తున్నాను, అమ్మ కూడా. ఆ అధ్యాయం కొట్లో నేనే చదువుతాను. నేను వచ్చేలోపు నాకో పని చేసిపెట్టు. అమ్మమ్మ కాగితం వెయ్యి. అదే ఫోటో, కింద ఆవిడ పేరు. మాటలు నువ్వే రాయి, నా మాటల్లో మాయలు దూరిపోతాయి.

సఫియే

హవాకి బంగాళాదుంపల పులుసు పెట్టాను, నూట పన్నెండో పేజీలో.


కామెన్‌దోల్,
మార్చి 28

తల్లీ,

కొడుకుని ఉంచు. కాస్త అందంగా రాయి వాణ్ణి. బిస్కెట్లు విరగలేదని రాయి.

మీ అమ్మమ్మ కాగితం వేశాను. చాలా చించి చించి రాశాను. ఆఖరికి ఇంతే మిగిలింది: 'మెవ్లిదే. ముప్పై ఆరేళ్లు ఆలస్యంగా తెలియజేయడమైనది. ఆమె పోయిందని అప్పుడు మాకు ఎవరూ చెప్పలేదు.' చాలా? నువ్వొచ్చి దిద్దు, కానీ నేను దిద్దనివ్వను.

కొట్టు ఇప్పుడు స్టూడియో అయిపోయింది. అసాన్ కొడుకు ఫోన్లో ఫోటోలు తీస్తున్నాడు. వాళ్లమ్మల దవడలున్నవాళ్లు, నాయనమ్మల ముక్కులున్నవాళ్లు వరసలో కూర్చుంటున్నారు, మొగాళ్లే ఎక్కువ. జుంబులత్త తలగుడ్డలు కడుతుంది. మొదట్లో నవ్వుకునేవాళ్లు. కట్టడం అయ్యాక అద్దం చూసుకుంటారు చూడు, ఇక ఎవడూ నవ్వడు. మా ఊళ్లో మీసాలన్నీ పోయాయి. కొత్తవాళ్లు వస్తే ఇదేదో దీక్ష అనుకుంటారు.

నిన్న సాయంత్రం కొట్టు కట్టేసే వేళకి మేయరు రోసెన్ వచ్చాడు. వీళ్ల నాన్నే ఆ రోజుల్లో ఉలి పట్టుకుని శ్మశానంలో రాళ్ల మీది మన పేర్లు చెక్కి తీసేసినవాడు, నీకు చెప్పే ఉంటారు. గీకే కత్తి తెచ్చాడేమోనని అసాన్ లేచి నిలబడ్డాడు. రోసెన్ కోటు జేబులోంచి ఒక తలగుడ్డ తీశాడు. నాఫ్తలీన్ వాసన. మడతలు పడిపోయి ఉంది. చేతిలో పట్టుకుని అలాగే నిలబడ్డాడు.

"మా నాయనమ్మది. ఫత్మే" అన్నాడు. "ఆమెకీ ఫోటో లేదు."

అందరూ నా వంక చూశారు, ఆ రోజు చూసినట్టే. ఎన్ని మాటలు నోటిదాకా వచ్చాయో నీకు తెలుసు, నీ మామయ్య సంగతి. అన్నీ మింగేశాను. పొడుగేమీ పెరగలేదు.

"ముందు మీసం తీసి రా" అన్నాను.

వెళ్లాడు. పెదవి మీద కోసుకుని, నెత్తురు మరకతో తిరిగొచ్చాడు. కుర్చీలో కూర్చుని తలగుడ్డ తనే కట్టుకోబోయాడు, రాలేదు. జుంబులత్త లేచి అతని చేతులు పక్కకి తోసింది. "అట్లా కాదురా. మీ నాయనమ్మ ముడి ఎడం పక్కకి వేసేది" అంది.

పొద్దున్నకి ఫత్మే కాగితం పంచాయితీ ఆఫీసు అద్దాల తలుపు మీదే ఉంది. లోపలి వైపు నుంచి అంటించాడు, అద్దంలోంచి బయటికి కనబడేలా. గీకడానికి వీల్లేకుండా.

శనివారం తొందరగా బయల్దేరండి, మలుపు దగ్గర ఇంకా మంచుంది, వ్యాను తోయాల్సొస్తుంది. తిత్తి పలుకుతోంది, ఇంకా మేకలాగే అరుస్తోందనుకో. వచ్చేటప్పుడు ఆకుపచ్చ రంగు తీసుకురా, ఎంత దొరికితే అంత. పట్నంలో అచ్చువాడి దగ్గర అయిపోయింది, అంచులు చేత్తో గీస్తున్నాం.

మెవ్లిదే కొడుకు
ఫెయిమ్